క్రయం వివాదమైనప్పుడు పహణిలో పేరు ఎవరిది?

(సరిహద్దు జిల్లాల తెలుగు కుటుంబాల సమావేశంలో ఒక న్యాయవాది చేసిన ప్రసంగ పాఠం)



మన సభలలో సాధారణంగా తెలుగు బడి గురించి, పాఠ్యపుస్తకాల గురించి, ఉపాధ్యాయ నియామకాల గురించి మాట్లాడుకొంటాము. అవి మాట్లాడుకోవలసినవే. అయితే భాషాహక్కు బడి గోడల మధ్యనే ఆగిపోయేది కాదు. తాలూకా కచేరీ నుండి వచ్చిన నోటీసును ఇంట్లో చదవగలిగినవారు లేకపోతే ఏమి జరుగుతుందో న్యాయవాదిగా నేను తరచు చూస్తున్నాను. అందుచేత ఈనాడు భూమి రికార్డుల గురించి, అందులోను అమ్మకం వివాదమైనప్పుడు రికార్డు మార్పు ఎలా జరుగుతుంది, ఎలా ఆపవచ్చు అనే విషయం గురించి మీతో మాట్లాడదలచాను.

ప్రశ్న సూటిగా చెప్పుకొందాము. అందరికీ చెందిన పొలాన్ని ఒక్కరు అమ్మివేశారు. కొన్నవారు పహణిలో తమ పేరు ఎక్కించమని అడుగుతున్నారు. ఆ క్రయం మమ్మల్ని కట్టదని మిగిలినవారు అంటున్నారు. అప్పుడు రికార్డు ఎవరి పేర ఉండాలి? దానిని తేల్చవలసింది తహసీల్దారా, కోర్టా?

తగవు ఎక్కడ మొదలవుతుంది?

నేను చూచిన అనేక వ్యవహారాల తీరును కలిపి ఒక ఉదాహరణ చెబుతాను. తండ్రి పేర మూడెకరాల పొలం. ఆయన కాలం చేశాడు. ముగ్గురు కొడుకులు, ఇద్దరు కూతుళ్లు. ఖాతా మార్చాలి గనుక, ఇంటికి పెద్దవాడు గదా అని పెద్దకొడుకు ఒక్కని పేరనే పౌతి ఖాతా చేయించారు. అన్నదమ్ముల మధ్య అప్పటికి ఏ పొరపొచ్చెమూ లేదు. పదేళ్లు గడిచాయి. రోడ్డు పడింది, భూమి ధర పెరిగింది. పెద్దకొడుకు మూడెకరాలనూ రిజిస్టరు చేసి అమ్మివేశాడు. కొన్నవాడు పహణి చూచుకొన్నాడు, తొమ్మిదవ కాలంలో ఒక్కటే పేరు ఉంది, డబ్బిచ్చాడు.

మ్యుటేషన్ నోటీసు ఊరికి వచ్చింది. అది కన్నడంలో ఉంది. ఇంట్లో ఉన్నది తల్లి ఒక్కతే. ఆమె తెలుగు కూడా కూడబలుక్కొని చదువుతుంది. ఏదో పన్ను కాగితమని ఆ నోటీసును చూరులో దోపి పెట్టింది. తమ్ముళ్లలో ఒకడు బెంగళూరులో, ఇంకొకడు హిందూపురంలో ఉన్నారు. పండుగకు వచ్చి చూచేసరికి గడువు దాటింది, పహణిలో పేరు మారింది.

ఇందులో ఎవరూ దొంగ సంతకం పెట్టలేదు. ఏ అధికారీ లంచం తీసుకోలేదు. అయినా మిగిలిన వారసుల హక్కు చిక్కులో పడింది. పౌతి ఖాతా నాడు వారసులందరి పేర్లు రాయించకపోవటం మొదటి కారణం, నోటీసు చదవలేకపోవటం రెండవ కారణం.

పహణి వేరు, హక్కు వేరు

మొట్టమొదట మనసులో నిలుపుకోవలసిన సంగతి ఇది. పహణిలో పేరు మారినంత మాత్రాన భూమిపై హక్కు మారదు. ఖాతా మార్పు ముఖ్యంగా కందాయం ఎవరు కట్టాలి అన్న లెక్క కోసం జరిగేది. మ్యుటేషన్ హక్కును సృష్టించదు, ఉన్న హక్కును పోగొట్టదు అని సుప్రీంకోర్టు 1996లో సావర్ణి కేసులో స్పష్టం చేసింది. 2021లో జితేంద్రసింగ్ కేసులోను ఇదే సూత్రాన్ని మళ్లీ చెప్పి, హక్కు విషయంలో తగవు ఉన్నప్పుడు తగిన సివిల్ కోర్టుకు పోయి తేల్చుకోవలసిందేనని పేర్కొన్నది.

స్థిరాస్తి హక్కు క్రయం ద్వారా బదిలీ కావటానికి మార్గం 1882 నాటి ఆస్తి బదిలీ చట్టంలోని 54వ సెక్షన్ చెబుతుంది. వంద రూపాయలు, అంతకు మించిన విలువగల ఆస్తికి రిజిస్టరు చేసిన క్రయపత్రం తప్పనిసరి. కేవలం అగ్రిమెంటు వలన హక్కు రాదు. జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ, అగ్రిమెంటు, వీలునామా మూడూ కలిపి రాయించుకొన్నా అది క్రయం కాదని 2011లో సూరజ్ ల్యాంప్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. రిజిస్టరు అయిన క్రయపత్రం ఉన్నప్పటికీ, అమ్మినవానికి ఎంత హక్కు ఉందో కొన్నవానికి అంతే వస్తుంది. ఉమ్మడి ఆస్తిలో ఒక వాటాదారు తన వాటాను అమ్ముకోగలడు. ఇతరుల వాటాను వారి సమ్మతి లేకుండా తన ఇష్టానికి అమ్మలేడు. హిందూ ఉమ్మడి కుటుంబంలో కర్త కుటుంబ అవసరానికి మొత్తం ఆస్తిని అమ్మవచ్చును గాని, ఆ అవసరం ఉన్నదని, లేదా తగిన విచారణ చేసి అట్లా నమ్మానని రుజువు చేసుకోవలసిన భారం కొన్నవానిదే.

అయితే పహణి ఏమైతేనేమి అని ఊరకుండవచ్చా? ఉండరాదు. కర్ణాటక భూ కందాయ చట్టం 1964లోని 133వ సెక్షన్ ప్రకారం హక్కుల రికార్డులో ఉన్న నమోదు తప్పని రుజువయ్యేదాకా నిజమేనని భావిస్తారు. బ్యాంకు అప్పు, పంట నష్టపరిహారం, రోడ్డుకో కాలువకో భూమి తీసుకొన్నప్పుడు వచ్చే సొమ్ము, మళ్లీ ఇంకొకరికి అమ్మకం అన్నీ ఆ నమోదును చూచే జరుగుతాయి. పేరు ఒకసారి మారిందంటే రుజువు చేయవలసిన బరువు మన నెత్తిన పడుతుంది. అందుకే మొదటి పోరాటం పేరు మారకముందే చేయాలి.

తకరారు అర్జీ

రిజిస్టరైన క్రయపత్రం విషయంలో కొన్నవారు ప్రత్యేకంగా చెప్పకపోయినా సబ్ రిజిస్ట్రార్ కార్యాలయం నుండే కందాయ అధికారులకు సమాచారం పోతుంది. ఆపై 129వ సెక్షన్ ప్రకారం మ్యుటేషన్ రిజిస్టరులో నమోదు చేసి, దాని ప్రతిని చావడి వద్ద ప్రకటించాలి. సంబంధం ఉన్నట్లు రికార్డులో కనిపించే వారందరికీ లిఖితపూర్వకంగా తెలియజేయాలి. "రికార్డులో కనిపించే వారు" అన్న మాటను గమనించండి. మన ఉదాహరణలో తమ్ముళ్ల పేర్లు రికార్డులో లేవు. వారి పేర నోటీసే రాకపోవచ్చు.

నమోదుకు ఎవరైనా అభ్యంతరం చెబితే, దానిని వివాద ప్రకరణాల రిజిస్టరులో రాయాలి. అభ్యంతరం నోటితో చెప్పినా చట్టం ఒప్పుకొంటుంది. అయినా నేను ఎవరికీ ఆ సలహా ఇవ్వను. రాసి ఇవ్వండి, రసీదు తీసుకోండి. కన్నడంలో దీనినే తకరారు అర్జీ అంటారు. ఆ మాట మన ఊళ్లలోనూ ఉన్నదే. అందులో సర్వే నంబరు, విస్తీర్ణం, మ్యుటేషన్ సంఖ్య, క్రయపత్రం తేదీ, మీకు ఆ భూమితో ఉన్న సంబంధం, క్రయం మిమ్మల్ని ఎందుకు కట్టదో క్లుప్తంగా రాయాలి. వంశవృక్షం, తండ్రి కాలం నాటి పహణి, పన్ను రసీదులు జతపరచాలి. నలుగురు వాటాదారులుంటే నలుగురూ సంతకాలు చేయాలి.

గడువు గురించి ఒక హెచ్చరిక. పూర్వం ముప్పై రోజులు ఉండేది. ఇటీవలి సంవత్సరాలలో కర్ణాటకలో రిజిస్టరైన పత్రాలకు ఆ గడువును బాగా కుదించారు. పనులు త్వరగా జరగటం మంచిదే. కాని నోటీసును ఇంకొకరి చేత చదివించుకోవలసిన కుటుంబానికి గడువు తగ్గేకొద్దీ ప్రమాదం పెరుగుతుంది. కాబట్టి నోటీసు చేతికి అందిన రోజే దానిపై ఉన్న తేదీ, గడువు చూడండి. ఎవరో చెప్పిన పాత లెక్కను నమ్మవద్దు.

తకరారు అందిన పిమ్మట అధికారి ఇరుపక్షాలనూ విచారిస్తారు. ఈ విచారణ సంక్షిప్తమైనది. ఆ అధికారి హక్కును నిర్ణయించరు. ఏ నమోదు ఉండాలో మాత్రమే ఉత్తర్వు ఇస్తారు. ఆ ఉత్తర్వు మనకు ప్రతికూలమైతే 136వ సెక్షన్ కింద అసిస్టెంట్ కమిషనర్ వద్ద అప్పీలు ఉంది. ఉత్తర్వు తెలియజేసిన నాటి నుండి అరవై రోజులలో వేయాలి. దానిపై డిప్యూటీ కమిషనర్ వద్ద పునఃపరిశీలన కోరవచ్చు.

సివిల్ కోర్టు ద్వారం

చాలామంది ఇక్కడే ఆగిపోతారు. తహసీల్దారు వద్ద, అసిస్టెంట్ కమిషనర్ వద్ద, డిప్యూటీ కమిషనర్ వద్ద తిరుగుతూ ఏళ్లు గడుపుతారు. ఈలోపు అసలు దావాకు ఉన్న గడువు కరిగిపోతుంది. పహణి కోసం ఎంత తిరిగినా హక్కు తేలేది సివిల్ కోర్టులోనే.

135వ సెక్షన్ ఈ దారిని స్పష్టంగా చూపిస్తుంది. నమోదు చేయమనో మార్చమనో ప్రభుత్వంపై దావా వేయటానికి వీలులేదు. కాని నమోదు వలన తన హక్కుకు భంగం కలిగినవారు, ఆ హక్కును కాదంటున్న వ్యక్తిపై ధ్రువీకరణ దావా వేయవచ్చును. కోర్టు ఇచ్చిన డిక్రీకి అనుగుణంగా రికార్డును సవరించవలసి ఉంటుంది.

దావా రూపం మీ స్థితిని బట్టి ఉంటుంది. క్రయపత్రంపై మీరే సంతకం చేసి, మోసం వలన చేశామంటే దానిని రద్దు చేయమని కోరాలి. మీరు సంతకమే చేయకపోతే, ఆ పత్రం మిమ్మల్ని కట్టదని ధ్రువీకరణ కోరితే చాలును. ఈ తేడాను 2010లో సుహృద్‌సింగ్ కేసులో సుప్రీంకోర్టు వివరించింది. కోర్టు రుసుము కూడా దీనిని బట్టి మారుతుంది. ఉమ్మడి ఆస్తి అయితే పంపకం కూడా కోరాలి. ధ్రువీకరణకు, పత్రం రద్దుకు 1963 నాటి కాలపరిమితి చట్టం సాధారణంగా మూడేళ్ల గడువు ఇస్తుంది. రిజిస్టరైన పత్రం గురించి అందరికీ తెలిసినట్లే చట్టం భావిస్తుంది గనుక "మాకు తెలియదు" అన్న వాదన ప్రతిసారీ నిలబడదు.

దావాతో పాటు తాత్కాలిక నిషేధాజ్ఞ కోరండి. ఆజ్ఞ వస్తే దాని ధ్రువీకృత ప్రతిని వెంటనే తహసీల్దారుకు అందజేసి, పహణి పదకొండవ కాలంలో ఎక్కించమని అర్జీ ఇవ్వండి. హక్కులు, రుణాలు, కోర్టు ఆజ్ఞలు కనిపించే చోటు అదే. ఆపై ఆ భూమి కొనబోయేవానికి తగవున్న సంగతి పహణి చూడగానే తెలుస్తుంది. దావా నడుస్తుండగా అమ్మినా, ఆస్తి బదిలీ చట్టంలోని 52వ సెక్షన్ ప్రకారం కొన్నవాడు ఆ దావా ఫలితానికి కట్టుబడవలసిందే.

దొంగ సంతకం, వేరొకరిని నిలబెట్టి రిజిస్టరు చేయించటం వంటివి జరిగితే పోలీసు ఫిర్యాదు తప్పక చేయాలి. కాని ఆ ఫిర్యాదు వలన పహణి మారదు. ఆ పని, ఈ పని రెండూ సాగాలి.

ఇంకొక మాట. మనలో అమ్మేవారే కాదు, కొనేవారూ ఉన్నారు. పహణిలో ఒక్క పేరు చూచి డబ్బు ఇవ్వకండి. వంశవృక్షం అడగండి. ఆ ఒక్క పేరు ఏ మ్యుటేషన్ ద్వారా వచ్చిందో పదవ కాలంలో చూచి, ఆ మ్యుటేషన్ నకలు తీసుకోండి. కనీసం ముప్పై ఏళ్ల ఋణభార పత్రం చూడండి. ఆడపడుచులతో సహా వాటాదారులందరి సంతకాలు తీసుకోండి.

సరిహద్దు దాటి వెళ్లిన ఆడపడుచులు

మన ప్రాంతాలలో ఆడపిల్లలను మదనపల్లె, కుప్పం, హిందూపురం, మడకశిర వైపు ఇవ్వటం పాత అలవాటు. పుట్టింటి ఊరిలో చావడి గోడకు అంటించిన నోటీసు రాష్ట్రం దాటి వారిని చేరదు. వారి పేరు పహణిలో అసలే ఉండదు. అమ్మకం జరిగిన ఏళ్ల తర్వాత తెలుస్తుంది.

వారి హక్కు మాత్రం గట్టిది. తమిళనాడు 1989లోను, కర్ణాటక, మహారాష్ట్రలు 1994లోను ఉమ్మడి ఆస్తిలో కుమార్తెలకు వాటా ఇస్తూ చట్టాలు చేశాయి. అవి అప్పటికే వివాహమైనవారికి అడ్డు పెట్టాయి. 2005 నాటి హిందూ వారసత్వ సవరణ దేశమంతటికీ వర్తిస్తూ ఆ అడ్డును తొలగించింది. 2005 సెప్టెంబరు 9 నాటికి తండ్రి జీవించి ఉండనక్కరలేదు, కుమార్తెకు పుట్టుకతోనే హక్కు వస్తుందని 2020లో వినీతాశర్మ కేసులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. అయితే 2004 డిసెంబరు 20కి ముందు జరిగిపోయిన అమ్మకాలను, పంపకాలను ఈ సవరణ కదిలించదు. కాబట్టి మీ ఇంటి అమ్మకం ఏ తేదీన జరిగిందో మొదట చూచుకోవాలి. ఇది ఉమ్మడి ఆస్తి సంగతి. తండ్రి స్వార్జితమైన భూమి అయితే, ఆయన వీలునామా రాయకుండా పోయినప్పుడు 1956 చట్టం నాటి నుండే కుమార్తె వారసురాలు.

దావాకు డబ్బు లేదని ఏ ఆడపడుచూ వెనుకాడవలసిన పనిలేదు. 1987 నాటి న్యాయ సేవల అధికార సంస్థల చట్టం 12వ సెక్షన్ కింద స్త్రీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం లభిస్తుంది. షెడ్యూల్డు కులాలు, తెగల వారికీ అంతే.

ఇతర రాష్ట్రాలలో

పేర్లు మారినా పద్ధతి దాదాపు ఇదే. తమిళనాడులో పట్టా మార్పు 1983 నాటి పట్టా పాసుబుక్కు చట్టం కింద జరుగుతుంది. యాజమాన్యంపై వివాదం ఉంటే, నమోదు మార్చకముందే పక్షాలను సివిల్ కోర్టు తీర్పు తెచ్చుకొమ్మని తహసీల్దారు చెప్పాలని 1987 నాటి నియమాలు చెబుతున్నాయి. హొసూరు వైపువారికి ఇది మంచి ఆయుధం. తకరారులో ఈ నియమాన్ని పేర్కొనండి. తహసీల్దారు ఉత్తర్వుపై అప్పీలు రెవెన్యూ డివిజనల్ అధికారి వద్ద, పునఃపరిశీలన జిల్లా రెవెన్యూ అధికారి వద్ద. మహారాష్ట్రలో సాత్-బారా ఉతారా, ఫేర్‌ఫార్ అనే మాటలు వాడుకలో ఉన్నాయి. అక్కడ 1966 నాటి భూ కందాయ నియమావళి 150వ సెక్షన్ కింద తలాఠీకి తకరారు ఇస్తే ఆయన వెంటనే రసీదు ఇవ్వవలసి ఉంటుంది. ఒడిశాలో మ్యుటేషన్ కేసు తహసీల్దారు వద్ద నడుస్తుంది. రికార్డు ఆయా రాష్ట్రభాషలోనే ఉంటుంది. యానాం పరిస్థితి వేరు. పుదుచ్చేరి అధికార భాషా చట్టం 1965 అక్కడ అధికార వ్యవహారాలకు తెలుగును వాడవచ్చునని గుర్తించింది. మన భాష కోసం మిగిలినచోట్ల అడుగుతున్నది అసాధ్యమేమీ కాదనటానికి యానాం చాలును.

తెలుగు పత్రం, తెలుగు అర్జీ

మన ఇళ్లలో తెలుగులో రాసిన పాత క్రయపత్రాలు, పారీఖత్తులు ఉన్నాయి. బళ్లారి 1953 దాకా మద్రాసు రాష్ట్రంలో ఉండేది. హొసూరు ప్రాంతంలోను తెలుగులో పత్రాలు రాసుకోవటం సామాన్యం. చదివేవారు లేరని ఆ కాగితాలను చెదలకు వదిలేయకండి. ముప్పై ఏళ్లు దాటిన పత్రం సరైనచోట భద్రంగా ఉండి బయటికి వస్తే, దానిలోని సంతకం, చేతివ్రాత నిజమైనవేనని కోర్టు భావించవచ్చును. 2024 జూలై 1 నుండి అమలులో ఉన్న భారతీయ సాక్ష్య అధినియమంలోను ఈ నియమం కొనసాగింది. ఆ పత్రాలకు రాష్ట్రభాషలో అనువాదం చేయించి, మూలంతో పాటు దాఖలు చేయండి.

కొత్త పత్రాల విషయంలోను ఒక అవకాశం ఉంది. 1908 నాటి రిజిస్ట్రేషన్ చట్టం 19వ సెక్షన్ ప్రకారం అధికారికి అర్థం కాని, జిల్లాలో సామాన్యంగా వాడుకలో లేని భాషలో పత్రం ఉంటేనే అనువాదం జతచేయమంటారు. కోలారు జిల్లాలో, కృష్ణగిరి జిల్లాలో తెలుగు సామాన్యంగా వాడుకలో లేదని ఎవరు అనగలరు?

రాజ్యాంగంలోని 350వ అధికరణం మనకు మరింత ముఖ్యం. తన బాధ నివారణకు ప్రభుత్వ అధికారికి ఇచ్చే విజ్ఞప్తిని దేశంలోనో రాష్ట్రంలోనో వాడుకలో ఉన్న ఏ భాషలోనైనా ఇచ్చుకొనే హక్కు ప్రతి వ్యక్తికీ ఉంది. జవాబు ఏ భాషలో ఇవ్వాలో ఆ అధికరణం చెప్పదు. కాని భాషా అల్పసంఖ్యాకులకు అంగీకరించిన రక్షణలలో, వారి భాషలో విజ్ఞప్తులు స్వీకరించి జవాబివ్వటం ఒకటి. జిల్లాలోనో తాలూకాలోనో జనాభాలో 15 శాతం ఉన్నవారి భాషలో ముఖ్యమైన నియమాలను, నోటీసులను ప్రకటించటం ఇంకొకటి. వీటి అమలును పరిశీలించటానికే 350బి అధికరణం కింద భాషా అల్పసంఖ్యాకుల ప్రత్యేకాధికారి పదవి ఏర్పడింది.

నా సలహా ఇది. తకరారును తెలుగులో రాయండి, కన్నడమో తమిళమో అనువాదం జతపరచి గడువులోగా ఇవ్వండి. హక్కును వదులుకోవద్దు, హక్కు పేరు చెప్పి గడువునూ పోగొట్టుకోవద్దు. రాష్ట్రభాష నేర్చుకోవటం మనకు చిన్నతనం కాదు. పొరుగువారితో, కచేరీతో బతకటానికి అది కావాలి. కాని అది నేర్చుకోని తల్లి భూమి పోగొట్టుకోవాలని ఏ చట్టమూ చెప్పదు.

చివరిగా

ఊరికి ఇద్దరు ముగ్గురు చదువుకొన్న యువకులు, యువతులు ముందుకు రావాలని కోరుతున్నాను. కన్నడ మాధ్యమంలో, తమిళ మాధ్యమంలో చదివిన మన పిల్లలే ఈ పనికి తగినవారు. నెలకు ఒకసారి చావడి గోడ, గ్రామ కార్యాలయం చూచి, మ్యుటేషన్ నోటీసులను చదివి సంబంధించినవారికి తెలుగులో చెప్పండి. వెళ్లిపోయిన ఆడపడుచులకు ఫోను చేయండి. ప్రతి కుటుంబమూ ఏడాదికి ఒకసారి పహణి నకలు తీసుకొని, తొమ్మిది, పది, పదకొండు కాలాలను, సాగుదారు పేరు ఉండే పన్నెండవ కాలాన్ని చదివించుకోవాలి. పెద్దల పేరు మీదనే ఇంకా ఉన్న ఖాతాలను వారసులందరి పేర్లతో మార్పించుకోవాలి. ఆ ఒక్క పని ఇప్పుడు చేస్తే సగం తగవులు పుట్టవు.

సంఘంగా మనం ఒక్క కోరికను గట్టిగా వినిపించాలి. తెలుగువారు 15 శాతం మించి ఉన్న తాలూకాలలో మ్యుటేషన్ నోటీసు రాష్ట్రభాషతో పాటు తెలుగులోను రావాలి. ఇప్పుడు రికార్డులన్నీ కంప్యూటరులో ఉన్నాయి. అదే నోటీసును రెండు లిపులలో అచ్చువేయటం పెద్ద ఖర్చు కాదు. ఈ కోరికతో ప్రతి తాలూకా నుండి తెలుగులో ఒక విజ్ఞప్తి తహసీల్దారుకు, దాని ప్రతి భాషా అల్పసంఖ్యాకుల ప్రత్యేకాధికారికి పంపుదాము. రాయటానికి సహాయం కావలసినవారు సభ ముగిసిన తర్వాత నన్ను కలవండి. ఇక్కడే కూర్చొని రాద్దాము.